రియాక్టర్ ఆటలో పదిహేడో ప్రశ్న

1987 ఫిబ్రవరిలో నన్ను మూడు వారాల డిప్యుటేషన్ మీద వరంగల్ పంపారు. అప్పటికి నేను ఉత్తరాదిలోని ఒక అణువిద్యుత్ కేంద్రంలో షిఫ్ట్ ఛార్జ్ ఇంజనీర్‌ని. ఎనిమిది గంటల షిఫ్టులో రియాక్టరుకీ, దాని చుట్టూ పనిచేసే మనుషులకీ జవాబు చెప్పవలసిన కుర్చీ అది. ఏళ్ల తరబడి సర్వీసు చేసి, మూడు లైసెన్సు పరీక్షలు దాటితే గాని అందులో కూర్చోనివ్వరు. ఆ కుర్చీలోంచి లేపి నాకు అప్పగించిన పని ఏమిటంటే, ఒక వీడియో గేమ్ ఆడి అది బాగుందో లేదో రాసి పంపడం.

కారణం లేకపోలేదు. అంతకు ముందు ఏడాది విదేశంలో ఒక రియాక్టరు పేలింది. ఇక్కడ ఆ పేరెత్తితే చాలు, జనం పిల్లల్ని దగ్గరికి లాక్కుంటున్నారు. భయం పోగొట్టడానికి మా శాఖ ఊరూరా ఎగ్జిబిషన్లు పెట్టింది. రంగుల పటాలు, చెక్క నమూనాలు, తెల్లకోటు వేసుకుని వివరించే ఒక మనిషి. జనం వచ్చి, ఫ్యాను కింద కాసేపు నిలబడి, బయట మిర్చి బజ్జీల బండి దగ్గరికి వెళ్లిపోయేవారు. అప్పుడు పై అధికారుల్లో ఎవరికో కంప్యూటర్ ఆట పెడదామని తోచింది. ఆట తయారుచేసే పని వరంగల్‌లోని ఒక ఇంజనీరింగ్ కాలేజీకి దక్కింది. దాన్ని పరీక్షించడానికి రియాక్టరు తెలిసినవాడు, తెలుగు వచ్చినవాడు కావాలన్నారు. మాది నెక్కొండ. మా కేంద్రంలో ఆ రెండు అర్హతలూ కలిసినవాణ్ని నేనొక్కణ్నే తేలాను.

హనుమకొండలో మా అక్క ఇంట్లో దిగాను. వచ్చిన పని చెబితే ఆమె చాటలో బియ్యం పక్కన పెట్టి నా ముఖం చూసింది.

"ఇంత సదువు సదివి ఆటలాడనీకి అచ్చినవారా తమ్మీ? సర్కారు జీతమిచ్చి ఆడిపిస్తాందా?"

అవునన్నాను.

ఆట రాసింది రజియా అనే లెక్చరర్. ఇరవై ఆరేళ్లుంటాయి. కాలేజీ కంప్యూటర్ సెంటర్‌లో ఆమెది తాత్కాలిక ఉద్యోగం, అది ఈ ప్రాజెక్టు మీదే నిలబడి ఉంది. మార్చి ముప్పై ఒకటిలోగా మా శాఖ ఆటను ఆమోదిస్తే పోస్టు పర్మనెంటు. లేకపోతే ఏప్రిల్ ఒకటిన పెట్టె సర్దుకుని డోర్నకల్ వెళ్లిపోవాలి. అక్కడ తండ్రి మహబూబ్ అలీ రైల్వేలో సిగ్నల్ కేబిన్‌మ్యాన్‌గా రిటైరై ఉన్నాడు. ఇద్దరు తమ్ముళ్లు ఇంకా చదువుతున్నారు. ఈ వివరాలు ఆమె చెప్పలేదు, ప్రిన్సిపాల్ చెప్పారు. నా రిపోర్టు మీద ఏమేం ఆధారపడి ఉన్నాయో నేను మర్చిపోకుండా మొదటిరోజే చెప్పారు.

ఆ రోజుల్లో కంప్యూటరంటే కీబోర్డే పెట్టె. దానికో చిన్న టీవీ, ఒక టేప్ రికార్డర్ తగిలించేవారు. ఆట ఆడియో కేసెట్‌లో ఉండేది. కేసెట్ తిరిగి ప్రోగ్రాం ఎక్కడానికి పది నిమిషాలు. మధ్యలో కరెంటు పోతే మళ్లీ మొదటినుంచి. కరెంటు ఎలా పుడుతుందో జనానికి చెప్పడానికి తయారైన ఆట, కరెంటు లేక రోజుకు రెండుసార్లు ఆగిపోయేది.

అందులో బొమ్మలు తక్కువ, మాటలు ఎక్కువ, తెలుగు మాటలే ఇంగ్లిషు అక్షరాల్లో. 'మీరు కంట్రోల్ రూంలో ఉన్నారు. ఎడమవైపు తలుపు ఉంది. ఏం చేస్తారు?' అని తెర మీద అడుగుతుంది. మనం టైప్ చేయాలి. రజియా రాసిన మొదటి కథలో రియాక్టరు పేలడానికి పది నిమిషాల వ్యవధి ఉంటుంది. ఆడేవాడు ఒంటరిగా లోపలికి దూరి, మూడు తాళంచెవులు వెతికి, సీసం కోటు తొడుక్కుని, పచ్చగా మెరిసే నీళ్లలోంచి నడిచి, ఒక పెద్ద చక్రం తిప్పి ఊరిని కాపాడతాడు. కాలేజీ కుర్రాళ్లు లైను కట్టి ఆడుతున్నారు. నిజం చెప్పాలంటే నేనూ రెండుసార్లు ఆడాను. రెండుసార్లూ ఊరు పోయింది.

తర్వాత నా ఉద్యోగం గుర్తొచ్చి కాగితం మీద అభ్యంతరాలు రాయడం మొదలుపెట్టాను. నలభై మూడు తేలాయి. రియాక్టరు బాంబులా పేలదు. మా దగ్గర వాడే భారజలం పచ్చగా మెరవదు, గ్లాసులో పోసి ఇస్తే మంచినీళ్లనే అనుకుంటారు. సీసం కోటు తొడుక్కుని ఎవరూ పరిగెత్తలేరు. అన్నిటికన్నా ముఖ్యం, లోపలికి ఎవరూ ఒంటరిగా వెళ్లరు, వెళ్లనివ్వరు. ఒక పంపుకి సీలు మార్చాలన్నా ముందు వర్క్ పర్మిట్ పుట్టాలి. ఆ పంపుకి నీళ్లు వచ్చే వాల్వులు మూయించాలి. మూసిన ప్రతి వాల్వుకీ 'ముట్టుకోరాదు' అన్న ఎర్ర చీటీ కట్టాలి. రేడియేషన్ చూసే హెల్త్ ఫిజిక్స్ వాళ్లు వచ్చి కొలవాలి. ఇన్ని సంతకాలయ్యాక గాని ఫిట్టర్ పానా పట్టుకోడు. రియాక్టరులో వీరుడు వెతికేది తాళంచెవుల కోసం కాదు, సంతకాల కోసం. సంతకం పెట్టేవాడు ఆ వేళకి టీ తాగడానికి వెళ్లి ఉంటాడు.

ఇదంతా గట్టిగా, కొంత గర్వంగా చెప్పాను. రజియా నోట్‌బుక్‌లో రాసుకుంటూ పోయింది. చివర ఒక్క ప్రశ్న అడిగింది.

"సార్, వాల్వు మూసిన్రని సంతకం పెడ్తరు గదా. చూసి పెడ్తరా, విని పెడ్తరా?"

చూసే పెడతామన్నాను. పర్మిట్ ఇచ్చే ఇంజనీరు స్వయంగా వెళ్లి చూడాలని మాన్యువల్‌లో ఉందనీ, పర్మిట్ కాగితం మీద 'నేను స్వయంగా చూశాను' అన్న వాక్యం కిందే సంతకం ఉంటుందనీ చెప్పాను. ఆమె అదీ రాసుకుంది.

పదిహేను రోజుల్లో ఆటంతా తిరగరాసింది. నా నలభై మూడు అభ్యంతరాలూ అందులోకి ఎక్కాయి. ఇప్పుడు వీరుడు పర్మిట్ ఇచ్చే ఇంజనీరు, ఒక పంపు సీలు మార్పించాలి. ఆడడానికి గంట పైన పడుతుంది. షిఫ్ట్ ఇంజనీరు కోసం క్యాంటీన్‌కి వెళ్లాలి, ఫారం తప్పుగా నింపితే వెనక్కి వస్తుంది. కుర్రాళ్లు ఒక్కరోజులో మాయమయ్యారు. వారి బదులు కాలేజీ ఆఫీసు గుమాస్తాలు మధ్యాహ్నం భోజనాలయ్యాక వచ్చి కూర్చోవడం మొదలుపెట్టారు. వాళ్లకి అందులో కొత్తగా నేర్చుకోవలసింది ఏమీ కనిపించలేదు. కానీ ఎవరూ చివరిదాకా గెలవడం లేదు. ఎక్కడ తప్పుతున్నామో తెలియక ప్రోగ్రామ్‌ని తిట్టుకుంటున్నారు.

నా వంతు వచ్చిన రోజు గదిలో రజియా, ఆమె తండ్రి ఉన్నారు. కూతురు చేసిన పని చూద్దామని ఆయన పొద్దున ప్యాసింజరులో డోర్నకల్ నుంచి వచ్చాడు. ఇస్త్రీ చేసిన తెల్ల లాల్చీ వేసుకుని స్టూలు మీద నిటారుగా కూర్చున్నాడు. నేను కుర్చీ లాక్కుని ధీమాగా మొదలుపెట్టాను. పదహారు ప్రశ్నలు మంచినీళ్లు తాగినట్టు దాటేశాను. అప్పుడు తెర మీద రియాక్టరు లోపల వాల్వులు తిప్పే ఆపరేటర్ ఫోన్ చేస్తాడు: వాల్వు మూసేశాను సార్. దాని కింద పదిహేడో ప్రశ్న: వాల్వు మూసి ఉందని మీరు స్వయంగా చూశారా? వై అంటే అవును, ఎన్ అంటే కాదు. నేను వై కొట్టాను.

ఆట మామూలుగానే సాగింది. చీటీలు కట్టారు, కొలతలు తీశారు, ఫిట్టర్ వెళ్లాడు. ఇరవై నిమిషాల తర్వాత తెర ఆగిపోయింది. 'వాల్వు పూర్తిగా మూసుకోలేదు. భారజలం ఫిట్టర్ మీద పడింది. పర్మిట్ మీద సంతకం మీది.'

ప్రోగ్రాంలో ఏదో తప్పుందన్నాను.  మహబూబ్ అలీ గొంతు సవరించుకున్నాడు.

"సార్, పదిహేడో ప్రశ్న కాడ మీరు వై కొట్టిన్రు."

ఆపరేటర్ ఫోన్ చేసి మూశానన్నాడు కదా అన్నాను.

"ఆయన మూసిండా అని అడగలే సార్. మీరు చూసిన్రా అని అడిగింది."

తర్వాత చాలా మర్యాదగా తన పని గురించి చెప్పాడు. "నేను ముప్పై రెండేండ్లు కేబిన్‌ల చేసిన. బండి స్టేషన్లకచ్చినంక ఆఖరి డబ్బ ఎనుక ఎల్‌వీ, అంటె లాస్ట్ వెహికల్ అని పలక ఉంటది. గది నా కండ్లతోని చూస్తెనే బండి మొత్తం అచ్చినట్టు. లేకుంటె సగం డబ్బలు తెగి ఎనుకనే పట్టాల మీద ఉండచ్చు. పోర్టర్ చెప్పిండని ఎన్కటి స్టేషన్‌కు లైన్ క్లియర్ ఇస్తమా? ఇస్తె ఇంకో బండి అచ్చి గుద్దుతది. వాన పడ్డా, మబ్బు పట్టినా కిటికీల తలకాయ వెట్టి చూసుడే."

పదిహేడో ప్రశ్న నా నలభై మూడింటిలోది కాదని అప్పుడర్థమైంది. ఆమె దాన్ని వాళ్ల ఇంట్లోంచి తెచ్చింది.  ఇవాళ ఆయన నాకంటే ముందు కూర్చుని, ఒక్క వేలితో టైప్ చేస్తూ రెండు గంటలు ఆడాడు. పదిహేడు దగ్గర ఎన్ కొట్టాడు. ఎన్ కొడితే ఆట మనల్ని బట్టలు మార్పించి, రేడియేషన్ కొలిచే బ్యాడ్జ్ పెట్టించి, పద్దెనిమిది గదుల్లోంచి, రెండు ఇనప నిచ్చెనల మీదుగా వాల్వు దాకా నడిపిస్తుంది. అక్కడ చక్రం బిగుసుకుని, ఒకటిన్నర చుట్టు మిగిలి ఉంటుంది. అది తిప్పినవాడే గెలుస్తాడు. ఆ కాలేజీలో అప్పటిదాకా గెలిచినవాడు ఆయనొక్కడే.

నేను కుర్చీ వెనక్కి జరిపాను. ఆట ఓడిపోయినందుకు కాదు. 1979లో మా కేంద్రంలో సరిగ్గా ఇదే జరిగింది. అప్పుడు నేను అసిస్టెంట్ షిఫ్ట్ ఛార్జ్ ఇంజనీర్‌ని, పర్మిట్లు ఇచ్చే బాధ్యత నాది. లోపలి ఆపరేటర్ ఫోన్‌లో మూశానన్నాడు. అతని చేతికి మూసినట్టే తగిలింది, వాల్వు కాడ మధ్యలోనే బిగుసుకుపోయిందని అతనికీ తెలియదు. నేను దిగి వెళ్లకుండా 'స్వయంగా చూశాను' కింద సంతకం పెట్టాను. మోహన్‌లాల్ అనే ఫిట్టర్ గొట్టాలు కలిపే ఫ్లాంజి వదులు చేయగానే భారజలం అతని ఛాతీ మీద చిమ్మింది. మా భారజలంలో ట్రిటియం అనే రేడియోధార్మిక పదార్థం ఉంటుంది, అది చర్మంలోంచి కూడా ఒంట్లోకి వెళుతుంది. అతనికి నీళ్ల మీద నీళ్లు తాగించారు. నెలల తరబడి మూత్రం సీసాలో పట్టి గేటు దగ్గర ఇచ్చి వెళ్లేవాడు. లోపలి పని మాన్పించి స్టోర్సులో కూర్చోబెట్టారు. విచారణ కమిటీ వాల్వులో యాంత్రిక లోపమని తేల్చింది. మీరు వెళ్లి చూశారా అని నన్నెవరూ అడగలేదు, సంతకం ఉంది కనుక. దవాఖానలో పలకరించడానికి వెళితే, వచ్చిన ఆఫీసరు మీరొక్కరే సాబ్ అన్నాడు మోహన్‌లాల్. ఆ మాటకి ఆనాడు సిగ్గేసింది. ఎనిమిదేళ్లు ఆ సిగ్గుని బాగానే దాచుకున్నాను.

ఆ గదిలో ఆ తండ్రీ కూతుళ్లకి ఇదంతా చెప్పేశాను. ఎందుకు చెప్పానో తెలియదు. బహుశా వాళ్లు మా శాఖ వాళ్లు కాకపోవడం వల్ల. రజియా తలవంచుకుంది. మహబూబ్ అలీ అడిగాడు.

"ఆ మనిషి ఇప్పుడు మంచిగున్నడా సార్?"

బాగానే ఉన్నాడు, మళ్లీ లోపలి పనిలోకి వచ్చాడన్నాను.

"అయితె ఆయినకు చెప్పనీకి మీకింక టైమున్నది."

మార్చి రెండో వారంలో ఆమోదించవలసిన అధికారి దిగారు. డిప్యూటీ చీఫ్ ఇంజనీర్, పేరు కులకర్ణి, హైదరాబాదులో పనిచేసి తెలుగు నేర్చినవారు. భద్రత మీద ఆయన ఉపన్యాసాలకు మా శాఖలో పేరుంది. ఆ రోజూ కాలేజీ హాల్లో ముప్పావు గంట మాట్లాడారు. మా దగ్గర కాగితం లేకుండా కుర్చీ కూడా కదలదనీ, నియమం నియమమేననీ చెప్పారు. తర్వాత చప్పట్ల మధ్య కుర్చీలో కూర్చుని ఆట మొదలుపెట్టారు. పదిహేడో ప్రశ్న వచ్చింది. ఆయన చదివారు కూడా, పెదవులు కదిలాయి. వై కొట్టారు.

ఫిట్టర్ మీద నీళ్లు పడగానే వెనక బెంచీలోంచి ఎవరో కిసుక్కున నవ్వారు. ఇంకెవరో గట్టిగానే అన్నారు: "సార్ సూడకుంటనే సంతకం పెట్టిండు రా."

కులకర్ణి గారి ముఖం ఎర్రబడింది. ఈ ప్రశ్న ఊహాజనితమనీ, ఇలాంటిది మన కేంద్రాల్లో జరగదనీ, ఆటలో ఏ భాగం వాస్తవమో ఏది కల్పనో నేను వారంలోగా రాసి పంపాలనీ చెప్పి భోజనానికి ఆగకుండా వెళ్లిపోయారు. ప్రిన్సిపాల్ నా వైపు చూశారు. రజియా టేప్ రికార్డర్ వైర్లు చుడుతూ ఉండిపోయింది.

రిపోర్టు రెండు పేజీలు రాశాను. మొదటి పేజీలో ఆట సాంకేతికంగా సరైనదని, ఆమోదించవచ్చని రాశాను. రెండో పేజీలో పదిహేడో ప్రశ్న కల్పన కాదని, 1979లో నేనే అలా సంతకం పెట్టానని, తేదీ, పర్మిట్ నంబరుతో సహా రాశాను. కార్బన్ కాపీ ఉంచుకుని రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. డిప్యుటేషన్ అయిపోయినా జవాబు వచ్చేదాకా సెలవు పెట్టి అక్క ఇంట్లోనే ఉన్నాను.

ఆరో రోజు ప్రిన్సిపాల్ గదికి ట్రంక్ కాల్ వచ్చింది. కులకర్ణి గారే. గొంతు చాలా స్నేహంగా ఉంది. నా రిపోర్టు చక్కగా ఉందనీ, పదిహేడో ప్రశ్న తీసేస్తే మర్నాడే ఆమోదిస్తాననీ అన్నారు. రెండో పేజీ మాట అడిగాను. కవరులో ఒక్క పేజీయే వచ్చిందన్నారు. రెండోది ఉంటే మళ్లీ పంపమన్నారు. అయితే అలాంటి పేజీ ఫైల్లోకి వస్తే విచారణ తప్పదనీ, విచారణ తేలేదాకా ఫైలు కదలదనీ, అప్పటికి జూన్ దాటవచ్చనీ వివరించారు. ఆలోచించుకోండి అని పెట్టేశారు. ఆయన ఒక్క అబద్ధం కూడా నాకు దొరికేలా ఆడలేదు.

ఆలోచించడానికి అది నా ఒక్కడి సంగతి కాదు. కంప్యూటర్ సెంటర్‌కి వెళ్లి రజియాకి ఉన్నది ఉన్నట్టు చెప్పాను. పేజీ పంపితే ఆమె ఉద్యోగం పోతుంది. పంపకపోతే ఆటలో ఉన్న ఒకే ఒక్క నిజమైన ప్రశ్న పోతుంది. ప్రశ్న తీయవద్దని ఆమె అంటుందని నాకు లోపల ఆశగా ఉండింది. అలా అంటే ఆమె గొప్పతనం చూసి నేను నాలుగు రోజులు మురిసిపోయి ఉండేవాణ్ని, ఆమె డోర్నకల్ బండెక్కి ఉండేది.

ఆమె కీబోర్డు దగ్గరికి లాక్కుని రెండు లైన్లు చెరిపేసింది. అర నిమిషం కూడా పట్టలేదు.

"ఎగ్జిబిషన్‌కచ్చేటోళ్లకు ఆ ప్రశ్నతోని ఏం పని సార్? వాళ్లు పర్మిట్లు ఇయ్యరు గదా," అంది. "గది మీ ప్లాంట్‌ల ఉండాల్సిన ప్రశ్న. ఈడ తీసేస్తె ఏం ఫికర్ లేదు. ఆడ ఎవలన్న అడుగుతాండ్రా, గది చూసుకోండ్రి."

నాకు కోపం వచ్చింది, ఆమె మీద కాదు. నేను నలభై మూడు తప్పులు పట్టిన మనిషిని. నలభై నాలుగోది ఆమె పట్టింది.

మార్చి ఇరవై తొమ్మిదిన ఆమోదం వచ్చింది. ఏప్రిల్ ఒకటిన రజియా పర్మనెంటు అయింది. ఏప్రిల్ రెండున నేను కార్బన్ కాపీ తీసి రెండో పేజీని మళ్లీ పంపాను. ఈసారి నేరుగా భద్రతా కమిటీకి, కులకర్ణి గారికి నకలుతో. లైసెన్సు రద్దయినా అవుతుందని సిద్ధపడ్డాను. రెండు నెలల తర్వాత ఒక మెమో వచ్చింది. మొదటి పేజీకి అనుబంధమైన రెండో పేజీని ఇంత ఆలస్యంగా ఎందుకు సమర్పించారో పదిహేను రోజుల్లోగా వివరణ ఇవ్వాలని అందులో ఉంది. పేజీలో ఉన్న విషయం గురించి ఒక్క మాట లేదు. టపా జాప్యం అని వివరణ రాశాను. అంగీకరించారు.

మెమో కంటే ముందే, కేంద్రానికి తిరిగి వచ్చిన మొదటి వారంలో, నేను మోహన్‌లాల్ దగ్గరికి వెళ్లాను. వర్క్‌షాపు బయట బీడీ కాలుస్తున్నాడు. 1979లో నేను వాల్వు చూడకుండా సంతకం పెట్టానని చెప్పాను.  అతను బీడీ అయిపోయేదాకా కాల్చాడు, ఆర్పాడు, లోపలికి వెళ్లిపోయాడు. తిట్టి ఉంటే నాకు కొంచెం తేలికగా ఉండేది.

మూడు రోజుల తర్వాత నా సంతకంతో ఒక పర్మిట్ అతని చేతికి వెళ్లింది. అతను పానా తీయలేదు. పర్మిట్ పట్టుకుని కంట్రోల్ రూంకి వచ్చి, అందరి ముందు, మామూలు గొంతుతో అడిగాడు: చూశారా సాబ్? నేను చూడలేదు. అసిస్టెంటు చూశాడన్నాను. అతను పర్మిట్ నా బల్ల మీద పెట్టి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. నేను లేచి, షూస్ మార్చుకుని, బ్యాడ్జ్ పెట్టుకుని దిగి వెళ్లాను. నలభై నిమిషాలు పట్టింది. ఆ నలభై నిమిషాలూ పని ఆగింది, దానికి వేరే వివరణ రాయవలసి వచ్చింది. ఏడాది తిరిగేసరికి మిగతా ఫిట్టర్లు కూడా అడగడం నేర్చుకున్నారు. ఫిట్టర్ ఆ ప్రశ్న అడగాలని మాన్యువల్‌లో ఎక్కడా లేదు.

రిటైరయ్యేదాకా నేను సంతకం పెట్టిన ప్రతి పర్మిట్‌కీ వాల్వు దాకా వెళ్లాను. వెళ్లిన ప్రతిసారీ అది మూసే ఉంది. వెళ్లాను కాబట్టే ఆ మాట చెప్పగలుగుతున్నాను.